మిరియం మొహాన రంగు

బడి నుంచి ఫోను వచ్చేసరికి అతను షెడ్డులో ఒక తెల్లకారు తలుపుకి రెండో కోటు కొడుతున్నాడు. ముక్కుకి మాస్కు, చేతిలో స్ప్రే గన్. కార్లకి రంగులేసే పనిలో మధ్యలో ఆగడమంటే చేసిందంతా చెడగొట్టుకోవడమే. అందుకని మొదటిసారి మోగినప్పుడు ఎత్తలేదు. మూడోసారి మోగేసరికి గన్ పక్కన పెట్టి ఎత్తాడు. వరసగా మూడుసార్లు మోగే ఫోనులో మంచి కబురుండదని అతనికి నాలుగేళ్ళ కిందట, భార్య ఆసుపత్రిలో ఉన్న రోజుల్లో తెలిసొచ్చింది.

"మీ అమ్మాయికి ఏమీ కాలేదండీ, కంగారు పడకండి," అంది క్లాస్ టీచర్. అలా మొదలుపెడితే కంగారు పడకుండా ఎవరుంటారు? "మొహానికి ఏదో రాసుకొస్తోంది. పోయిన వారం ఒకసారి చెప్పాను. ఇవాళ కడుక్కు రమ్మంటే కదలనంటోంది. మీరొకసారి రావాలి."

కూతురు స్టాఫ్ రూములో మూల కుర్చీలో కూర్చుని ఉంది. పదకొండు నిండి నాలుగు నెలలు. పుట్టినప్పుడు అంత నల్లగా, అంత చిన్నగా ఉండి, అంత ఘాటుగా ఏడ్చిందని వాళ్ళమ్మ 'మిరియం' అని పిలవడం మొదలుపెట్టింది. అసలు పేరు హాజరు పట్టీలో తప్ప ఇంకెక్కడా పనికి రాకుండా పోయింది. ఇప్పుడా మిరియం మొహం మెడ కంటే రెండు ఛాయలు తెల్లగా ఉంది. గడ్డం కింద గీత గీసినట్టు రంగు ఆగిపోయింది. ఏ రంగు పక్కన ఏ రంగు అతుకుతుందో ఇరవయ్యేళ్ళుగా చూస్తున్న కళ్ళు కాబట్టి అతను ముందు చూసింది ఆ గీతనే. కోపం ఆ తర్వాత వచ్చింది.

"కడుక్కోమంటే కడుక్కోవచ్చుగా?"

పిల్ల తల అడ్డంగా ఊపింది.

"ఎవరిచ్చారు నీకది?"

పిల్ల ఒళ్ళో ఉన్న బ్యాగుని ఇంకా దగ్గరికి లాక్కుంది.

టీచర్ మంచి మనిషే. గొంతు తగ్గించి, "ఈ వయసులో సరదాలుంటాయండీ. మా ఇంట్లోనూ ఇదే గొడవ. కాకపోతే బళ్ళో రూలు రూలే కదా. ఇంట్లో అమ్మ ఉండుంటే..." అని నాలిక్కరుచుకుంది.

మొహం కడగకుండానే పిల్లని స్కూటరెక్కించుకుని బయల్దేరాడు.

"అందరూ వేసుకుంటారు నాన్నా," అంది వెనక నుంచి.

"అందరూ అంటే?"

"అందరూ."

"ఆ అందరికీ నాన్నలు లేరా?"

"ఉన్నారు. వాళ్ళు ఫోను చూసుకుంటూ ఉంటారు."

నవ్వొచ్చింది గానీ, నవ్వితే చులకనైపోతానని బిగబట్టాడు. "పదహారు నిండాక చూద్దాం," అన్నాడు. పదహారే ఎందుకో అతనికీ తెలీదు. పద్దెనిమిదంటే మరీ కఠినం, పద్నాలుగంటే రేపోమాపో వచ్చేస్తుంది. మధ్యలో ఏదో ఒకటి అనాలి కదా.

సాయంత్రం అతని అక్క వచ్చింది. బజారు వీధిలో కుట్టుమిషను పెట్టుకున్న మనిషి. వారానికి మూడుసార్లు తమ్ముడింటికొచ్చి, గిన్నెలు సర్దినట్టే అతని బతుకునీ సర్ది వెళ్తుంది. జరిగిందంతా విని, లోపలి గది తలుపు దగ్గరగా వేసింది.

"ఒరేయ్, పదకొండేళ్ళ పిల్ల మొహానికి రంగేస్తోందంటే ముందు అడగాల్సింది ఎవరిచ్చారని కాదు. ఎవరికోసమని."

"చిన్నపిల్లక్కా."

"నీకు చిన్నపిల్ల. వీధికి కాదు. నా దగ్గర గౌన్లు కుట్టించుకునే వాళ్ళని చూస్తున్నాగా, ఆర్నెల్ల కిందటి కొలత ఇప్పుడు పట్టదు. నీకేం తెలుస్తుంది, పొద్దస్తమానం ఆ కార్ల మధ్య పడుంటావు. దాని బ్యాగు వెతుకు. ఫోనులో ఏముందో చూడు."

"దానికి ఫోను లేదక్కా."

"ఫోనున్న వాళ్ళతో తిరగట్లేదని ఏంటి నమ్మకం?"

అక్క వెళ్ళిపోయినా ఆ మాట చెవిలో దూరిన చీమలా తిరుగుతూనే ఉంది. ఎవరికోసం? ఈమధ్య పిల్ల ఎవరి గురించి మాట్లాడింది? బడి నుంచి ఎన్నింటికొస్తోంది? అతనికి ఒక్కదానికీ సరైన జవాబు దొరకలేదు. ఇంటి తాళం ఒకటి దాని దగ్గరే ఉంటుంది. నాలుగింటికి బడి వదిలితే, అతను ఏడింటికి ఇల్లు చేరతాడు. ఆ మూడు గంటల్లో ఏముందో ఇన్నాళ్ళూ ఆలోచించనే లేదు. ఆలోచించాల్సిన మనిషి ఒకావిడ ఉండేది.

మర్నాడు పొద్దున మిరియం స్నానానికి వెళ్ళగానే బ్యాగు తెరిచాడు. పుస్తకాలు, సగం కొరికిన పెన్సిళ్ళు, ఎండిపోయిన రొట్టెముక్క. అడుగున రుమాల్లో చుట్టి ఒక చిన్న సీసా. మూత చూడగానే పోల్చుకున్నాడు. అది తన భార్యది.

బీరువా మీద బిస్కెట్ల డబ్బా ఒకటుంటుంది. ఆవిడ పౌడరు, లిప్‌స్టిక్కులు, ఈ రంగు సీసా అన్నీ అందులోనే. ఆవిడ పోయాక అతను దాన్ని దించలేదు, తెరవలేదు, పారెయ్యలేదు. ఇప్పుడు దించి చూస్తే మూత మీద దుమ్ములో చిన్న చిన్న వేళ్ళ అచ్చులు. ఒకదానిమీద ఒకటి, చాలా. దీన్ని దొంగతనం అనాలో, తల్లి సొత్తు కూతురు తీసుకుందనాలో అతనికి అర్థం కాలేదు.

స్నానాల గది తలుపు తెరుచుకుంది. తువ్వాలు మొహానికి అడ్డంగా పట్టుకుని మిరియం గబగబా గదిలోకి వెళ్ళబోయి, అతని చేతిలో డబ్బా చూసి ఆగిపోయింది.

"ఇది మీ అమ్మది."

"తెలుసు."

"అడిగి తీసుకోవాలని తెలీదా?"

"అడిగితే ఇచ్చేవాడివా?"

"ఇచ్చేవాణ్ణి కాదు."

"అందుకే అడగలేదు." తువ్వాలు వెనకనుంచి గొంతు మారింది. "నాన్నా, ఇవాళ ఒక్కరోజుకి ఇవ్వు. ఒక్కసారే. ప్లీజ్."

అంత బతిమాలుతోందంటే అక్క అన్నమాటే నిజమేమో అనుకున్నాడు. సీసా డబ్బాలో పెట్టేసి, డబ్బా చంకలో పెట్టుకున్నాడు. "దీన్ని షెడ్డులో నా బీరువాలో పెట్టి తాళం వేస్తా. ఇంకీ మాటెత్తకు."

కాసేపటికి పిల్ల జడ వేసుకోకుండా, జుట్టంతా ఎడమ బుగ్గ మీద పడేలా వదిలేసుకుని, తలొంచుకుని బడికి పోయింది. అలిగింది, పోన్లే అనుకున్నాడు.

పదకొండున్నరకి మళ్ళీ ఫోను. అప్పుడతను ఊరవతల రంగుల దుకాణంలో ఒక పాత కారుకి సరిపోయే నీలం కలిపిస్తున్నాడు.

"మీ అమ్మాయిని మీరు ఇంటికి పిలిపించారాండీ?" అంది టీచర్.

"లేదే!"

"ఇంటర్వెల్ తర్వాత క్లాసులోకి రాలేదు. గేటు దగ్గర వాచ్‌మన్‌తో నాన్న బయట ఉన్నాడని చెప్పి వెళ్ళిందట..."

మిగతా మాటలు అతనికి వినపడలేదు. కలిపిస్తున్న రంగు అక్కడే వదిలేసి స్కూటరు తీశాడు. బడి వెనక సందు, కాయితాల కొట్టు, పార్కు, బస్‌స్టాపు, ఒకదాని తర్వాత ఒకటి తిరిగాడు. రోడ్డు పక్కన ఊరికే నిలబడ్డ ప్రతి మగాణ్ణీ ఎగాదిగా చూశాడు. బస్‌స్టాపులో ఒకతను బడి గౌను వేసుకున్న పిల్ల భుజం మీద చెయ్యేసి ఫోనులో ఏదో చూపిస్తున్నాడు. ఇతను స్కూటరు పడేసినట్టే దిగి, వెళ్ళి ఆ పిల్ల చెయ్యి పట్టుకుని లాగాడు. వేరే పిల్ల. "ఏంటయ్యా నువ్వు! అది నా కూతురు," అని ఆ మనిషి మీదమీదకొచ్చాడు. "నా కూతురనుకున్నా. కనపట్టంలేదు," అనేసరికి అతని కోపం దిగిపోయి, "ఎలా ఉంటుంది? ఏం బట్టలు?" అని అడిగాడు. ఎలా ఉంటుంది? నల్లగా, చిన్నగా, జుట్టు మొహాన వేసుకుని... పొద్దున తన మొహమైనా సరిగ్గా చూపించకుండా వెళ్ళిందని అప్పుడు తట్టింది.

అక్క దుకాణానికి వెళ్ళాడు. అక్కడా లేదు. "నే చెప్పలేదూ!" అని అక్క చేతిలో కత్తెర వదిలేసి కూలబడింది. అప్పుడే షెడ్డు నుంచి టింకరింగ్ మేస్త్రి ఫోను చేశాడు. సొట్టలు తీసే పని ఆయనది. ఇద్దరూ పదిహేనేళ్ళుగా ఒకే కప్పు కింద పనిచేస్తున్నారు.

"నీ కూతురు ఇక్కడే ఉంది. మేం టీకి వెళ్ళొచ్చేసరికి లోపలుంది. కంగారుపడకు గానీ... త్వరగా రా. మొహానికేదో పూసుకుంది."

షెడ్డులో మిరియం పాత టైరు మీద కూర్చుని ఉంది. ఎడమ కన్ను గట్టిగా మూసుకుని, నీళ్ళు కారుస్తోంది. కంటి కింద నుంచి దవడ దాకా ముదురు గోధుమ రంగు, నిగనిగలాడుతూ, అంచుల్లో ఆరిపోతూ. వాళ్ళమ్మ డబ్బా పెట్టిన బీరువాకి తాళం అలాగే ఉంది. దాని పక్క బల్ల మీద, గీతలు పడిన కార్లకి దిద్దడానికి వాడే చిన్న సీసాలు వరసగా ఉంటాయి, మూతకే కుంచె ఉంటుంది. వాటిలో గోధుమ రంగువి నాలుగూ తెరిచి ఉన్నాయి. పిల్ల తన చేతిమీద నాలుగు గీతలు గీసి చూసుకుని, ఒంటిరంగుకి దగ్గరగా ఉన్నదాన్ని ఎంచుకుంది.

మేస్త్రి చేతిలో రంగు కరిగించే థిన్నరుతో తడిపిన గుడ్డ ఉంది. "ఆగు! కంట్లో పడిందంటే చూపు పోతుంది!" అని ఇతను అరిచిన అరుపుకి ఆయన గుడ్డ కింద పడేశాడు.

ముందు కొళాయి కింద కన్ను కడిగాడు. చాలాసేపు కడిగాడు. పిల్ల ఎక్కిళ్ళు పెడుతున్నా వదల్లేదు. మేస్త్రి టీకొట్టుకి పరిగెత్తి గ్లాసుడు వంటనూనె తెచ్చాడు. మెత్తటి గుడ్డ ముంచి, గడ్డం దగ్గర్నుంచి పైకి కొంచెం కొంచెంగా తుడవడం మొదలుపెట్టాడు. రంగు పెళుసుపెళుసుగా లేచొస్తోంది. అడగాల్సినవన్నీ తర్వాత అడగొచ్చు. ముందు ఇది పోవాలి.

బుగ్గంతా తేటపడింది. కంటి కింద మాత్రం కోటు బొత్తామంత మేర తెల్లగా ఉండిపోయింది. రంగుకి ముందు వేసే తెల్ల ప్రైమర్ కూడా అడుగున పూసుకుందేమో అనుకున్నాడు. మళ్ళీ నూనె వేశాడు, రుద్దాడు. ఇంకొంచెం గట్టిగా రుద్దాడు.

"నాన్నా, నొప్పి."

"అయిపోయింది, ఈ తెల్లదొక్కటే వదలట్లేదు."

"అది రంగు కాదు నాన్నా."

గుడ్డ ఆగిపోయింది.

"అది పోదు. నేనూ చాలాసార్లు రుద్దాను."

మేస్త్రి ఒక్క క్షణం నిలబడి, ఏదో పనున్నట్టు బయటికెళ్ళి షెడ్డు తలుపు సగానికి లాగాడు.

"ఎన్నాళ్ళయింది?"

"సెలవులైపోయినప్పట్నుంచి. ముందు కందిగింజంత ఉండేది."

"రెండు నెలలు! నాకెందుకు చెప్పలేదే?"

మిరియం గౌను అంచు వేళ్ళకి చుట్టుకుంది. విప్పింది. "అమ్మకి కూడా చిన్న మచ్చేగా. కాలి మడమ మీద. 'చిన్న మచ్చే కదా' అని మీరందరూ అనేవాళ్ళు. నాకు గుర్తుంది."

అతను గుడ్డని నూనె గ్లాసు పక్కన పెట్టేశాడు.

"బళ్ళో ఎవరు చూసినా నాకేం కాదు నాన్నా. నువ్వు చూడకూడదని. చూస్తే నువ్వు మళ్ళీ ఆ ఆసుపత్రి బల్ల మీద కూర్చుని, అన్నం తినకుండా, అట్లా అయిపోతావు కదా. అందుకే ఆదివారం కూడా రాసుకున్నా. నిన్న టీచర్ కడుక్కోమన్నప్పుడు కూడా... నువ్వొస్తున్నావని చెప్పిందిగా. అందుకే కడుక్కోలేదు."

ఎవరికోసం అని నిన్నటినుంచి అతన్ని తొలిచేసిన ప్రశ్నకి జవాబు అలా వచ్చింది. 'ఏం కాదులే' అనబోయాడు. నాలుగేళ్ళ కిందట భార్యతో రోజుకి పదిసార్లు అన్న మాట అది. నోటిదాకా వచ్చి ఆగిపోయింది.

"డాక్టరు దగ్గరికి వెళ్దాం," అన్నాడు. "డాక్టరేం చెప్తే అది ఇద్దరం కలిసి విందాం. నాకు తెలీకుండా నువ్వూ, నీకు తెలీకుండా నేనూ ఏదీ దాచుకోవద్దు. సరేనా?"

"నువ్వు అన్నం తింటావా?"

"తింటా."

ఆ సాయంత్రమే కంటి డాక్టరు చూసి, ఎర్రబడింది తప్ప దెబ్బేం తగల్లేదని చుక్కలమందు రాశాడు. చర్మం డాక్టరు దగ్గర మాత్రం రెండు రోజులు ఆగాల్సి వచ్చింది. ఆ రెండు రోజులూ అతను పిల్ల ముందు కూర్చుని ముద్దలు లెక్కపెట్టినట్టు తిన్నాడు. ఏది తిన్నా ఇసుకలా ఉంది. పిల్ల కన్ను మందుతో మూసుకున్నప్పుడల్లా ఆ మచ్చనే చూసేవాడు. నిన్నటికంటే పెరిగిందా? అంచు ఎర్రగా ఉందా? తను రుద్దిన ఎరుపేనా?

డాక్టరు నడివయసావిడ. తొందరపడే మనిషి కాదు. మచ్చని అటూ ఇటూ తిప్పి చూసి, గదిలో దీపాలార్పి, చేతిలో పట్టే ఊదారంగు దీపమొకటి వెలిగించింది. చీకట్లో ఆ మచ్చ పాలపొడి చల్లినట్టు మెరిసింది. అతను కుర్చీ చేతిని గట్టిగా పట్టుకున్నాడు. దీపాలు వెలిగాక ఆవిడ తండ్రితో కాకుండా పిల్లతోనే మాట్లాడింది.

"దీన్ని బొల్లి అంటారు. చర్మంలో రంగు తయారుచేసేవి అక్కడ పని మానేశాయి. నొప్పి ఉండదు, ఎవరికీ అంటుకోదు. మీ అమ్మకొచ్చింది చర్మం కేన్సరని మీ నాన్న చెప్పారు. ఇది ఆ జబ్బు కాదు, దానికి చుట్టమూ కాదు. అర్థమైందా?"

"చచ్చిపోనా?" అంది మిరియం, పరీక్షలో ఎన్ని మార్కులని అడిగినంత మామూలుగా.

"దీనివల్లయితే పోవు. నా అంత ముసలిదానివయ్యాక వేరే దేనితోనో చూసుకుందువుగాని."

అతను తలతిప్పి గోడమీద బొమ్మ చూశాడు. ఏం బొమ్మో ఇప్పటికీ గుర్తులేదు.

పూతమందు రాసిచ్చింది. నెలలు పట్టొచ్చు, రంగు తిరిగి రావచ్చు, రాకపోవచ్చు, ఇంకో చోట మొదలవ్వచ్చు కూడా, ముందే చెప్తున్నానంది. లేవబోతూ అతను అడిగాడు. "మరి... మొహానికి రంగు వేసుకోవచ్చాండీ? కప్పుకోవడానికి. పదకొండేళ్ళ పిల్ల."

"మందు ఇంకాక వేసుకుంటే చర్మానికేం కాదు. నాలుగేళ్ళనాటి సీసాలోది మాత్రం పారెయ్యండి. వేసుకోవాలా వద్దా అనేది మందులచీటీలో రాసేది కాదు." పిల్లవైపు చూసింది. "నీకెలా ఉంది?"

"తెలీదు," అంది మిరియం.

అతనికీ తెలీలేదు. ఇంటికొచ్చాక అదే ఆలోచన. వేసుకోమంటే, నీ మొహం దాచుకోవాల్సిందే అని తండ్రే చెప్పినట్టు. వద్దంటే, నలభై మంది పిల్లల మధ్యకి ఒంటరిగా తోసినట్టు. ఎటు తిరిగినా పిల్లకే తగిలేలా ఉంది.

అక్క వచ్చి, విని, కొంగు నోట్లో కుక్కుకుంది. తేరుకుని, "ఎవరికీ చెప్పకు," అంది. "మంచి రంగు కొను, ఖరీదైనా సరే. పొద్దున లేవగానే వెయ్యాలి. ఇంట్లో ఉన్నా తియ్యనివ్వకు. రేపెవరైనా..."

"మొన్న వెయ్యకూడదన్నావు కదక్కా."

"అది వేరు, ఇది వేరు!"

లోపల గదిలో పుస్తకం పేజీ తిరగడం ఆగిపోయింది. వింటోంది. అతను అక్క మాటకి ఎదురు చెప్పి ఎరగడు. చెప్పులేసుకుని బయటికి నడిచి, అక్క వెనకే వచ్చాక, గేటు దగ్గర మెల్లిగా అన్నాడు. "అక్కా, దాచేసుకుందాం అనుకునే అది కారు రంగు పూసుకుంది. కన్ను పోయేది. ఇంక ఈ ఇంట్లో దాచమని ఎవరూ అనొద్దు. నువ్వు కూడా."

అక్క మొహం ముడుచుకుని వెళ్ళిపోయింది. నెల దాటినా రాలేదు.

శనివారం తండ్రీ కూతుళ్ళు పెద్ద బజారులో అలంకరణ సామాన్ల దుకాణానికి వెళ్ళారు. గాజుబల్ల వెనక అమ్మాయి, "ఈ ఛాయ మీ పాపకి కరెక్టుగా సూటవుతుంది సార్," అని ఒక సీసా తీసింది. అతను పిల్ల చేతిమీద చుక్కేయించి, చెయ్యిని గుమ్మం దగ్గర ఎండలోకి తీసుకెళ్ళి చూశాడు.

"ఇందులో ఎరుపెక్కువుందమ్మా. ఆరాక ఇంకా తేలుతుంది. కాస్త పసుపు తిరిగింది, దీనికంటే అరవాసి ముదురు తియ్యి."

ఆరోదో ఏడోదో సీసా దగ్గర ఆ అమ్మాయి అడిగింది, "మీరేం చేస్తారు సార్? బ్యూటీ పార్లరా?"

"కార్లకి," అంది మిరియం. రెండు నెలల తర్వాత అది నవ్వడం అతను అప్పుడే చూశాడు.

ఇంటికొచ్చాక సీసా బల్ల మీద పెట్టి చెప్పాల్సింది చెప్పాడు. దారిపొడుగునా కూర్చుకున్న మాటలు సగం మర్చిపోయాడు. "ఇది నీది. వేసుకున్నా సరే, మానేసినా సరే. ఏ రోజుకారోజు పొద్దున నువ్వే అనుకో. టీచర్‌కి ఉత్తరం రాసిస్తా. నేను వెయ్యమనను, తియ్యమనను."

"అత్త అంటే?"

"అత్తకి నేను చెప్తాలే."

"నీకు నేనెట్లా ఉంటే బావుంటా?"

ఆ ప్రశ్న వస్తుందనుకోలేదు. సీసా పిల్లవైపు జరిపి, "నాకు కనపడేట్టు ఉంటే చాలు," అన్నాడు.

ఉత్తరం చదివి టీచర్ ఫోను చేసింది. "నేను కడుక్కోమని నిలబెట్టానండీ అందరి ముందూ..." అంది. "మీకెలా తెలుస్తుందండీ, ఇంట్లో ఉన్న నాకే తెలీలేదు," అన్నాడతను.

మూడు వారాలు మిరియం రంగేసుకునే బడికి వెళ్ళింది. ఇంటికి రాగానే కడిగేసుకునేది. నాలుగో వారం ఒక బుధవారం, జడ వెనక్కి వేసుకుని, మొహానికి పూతమందు తప్ప ఏమీ లేకుండా గదిలోంచి వచ్చింది. బూట్లు వేసుకుంటోంది. 'ఇవాళ వద్దేమోనమ్మా' అన్న మాట అతని నోట్లో గిరగిరా తిరిగింది. మాటిచ్చాడు కాబట్టి నీళ్ళు తాగి మింగేశాడు.

ఆ రోజు షెడ్డులో అతను వేసిన బానెట్టు మీద రంగు మూడుచోట్ల కారింది. ఎమిరీ కాయితంతో రుద్ది మళ్ళీ వేస్తే, మళ్ళీ కారింది. "ఇవాళ నీవల్ల కాదు, ఇంటికెళ్ళు," అని మేస్త్రి గన్ లాక్కున్నాడు. నాలుగింటికల్లా బడి గేటు దగ్గరున్నాడు. పిల్లలందరూ గుంపులుగా వచ్చేస్తున్నారు. అది కనపడలేదు. ఏడుస్తూ ఏ గదిలోనో కూర్చుందేమో. అతను గేటు దాటి లోపలికి అడుగేస్తుండగా వచ్చింది, బ్యాగు ఈడ్చుకుంటూ, మొహం వేలాడేసుకుని.

"ఏమైందమ్మా? ఎవరేమన్నారు?"

"లెక్కల పరీక్ష పెట్టారు, చెప్పకుండా. నాలుగు తప్పు."

"అది కాదు... ఇది," అని తన కంటి కింద చూపించాడు.

"ఓ, అదా. అందరూ అడిగారు. చెప్పా. ఇద్దరు ముట్టుకుని చూశారు. ఒకమ్మాయి బెంచీ మారింది." బ్యాగు ఇంకో చేతికి మార్చుకుంది. "అంతకుముందు ఆ అమ్మాయి పక్కనెవరూ కూర్చునేవాళ్ళు కాదు, నేనే జాలిపడి కూర్చున్నా. నాన్నా, ఐదో లెక్క నువ్వు చెప్పినట్టే చేశా. అదీ తప్పే."

బెంచీ మారిన పిల్ల మాట చెప్పేటప్పుడు దాని గొంతు సన్నగా వణకడం అతను విన్నాడు. బ్యాగు తీసుకుని భుజాన వేసుకున్నాడు. ఇంటిదాకా ఐదో లెక్క గురించే మాట్లాడుకున్నారు.

ఆ తర్వాత కొన్నిరోజులు వేసుకునేది, కొన్నిరోజులు మానేసేది. ఫొటోలు తీసేరోజు వేసుకుంది. వాన రోజుల్లో కారిపోతుందని మానేసింది. అక్క అలక తీరి వచ్చింది. మేనకోడలి మొహం చేతుల్లోకి తీసుకుని చాలాసేపు చూసి, "ఏమే, నాలుగు రోజులు రాకపోతే ఇంత చిక్కావేం?" అని మాత్రం అంది. మచ్చ మధ్యలో రెండుచోట్ల గసగసాలంత నల్లచుక్కలు తేలాయి. మందు పనిచేస్తోందంది డాక్టరు. అదే నెలలో కుడిచేతి చిటికెనవేలి మీద ఇంకో తెల్లచుక్క మొదలైంది. అతనికి మళ్ళీ ఇసుక తిన్నట్టు అయింది. పిల్ల అన్నం ముందు కూర్చుని, "తిను నాన్నా," అని గుర్తుచెయ్యాల్సి వచ్చింది.

పన్నెండు నిండిన వారానికి మిరియం వంటింటి గుమ్మంలో నిలబడి, తలుపు గొళ్ళెం అటూ ఇటూ ఆడిస్తూ అడిగింది.

"నాన్నా, లిప్‌స్టిక్ కొనుక్కోనా?"

అతని చేతిలో గరిటె ఆగింది. కళ్ళు వెంటనే పిల్ల పెదాల మీదికి వెళ్ళాయి. అక్కడ కూడా తెల్లబడుతోందా? అంచులు వెతికాడు.

"ఏమీ లేదు, చూడక్కర్లేదు," అంది అది విసుగ్గా. "ఊరికే. బావుంటుందని."

"ఊరికేనా?"

"ఊరికే."

అతను పొయ్యి కట్టేశాడు. కంటికింది మచ్చ గురించి ఎనిమిది నెలలు తలబద్దలు కొట్టుకున్న మనిషికి ఈ ప్రశ్నకి జవాబు చిటికెలో రావాలి. రాలేదు. పన్నెండేళ్ళకి లిప్‌స్టిక్కా? ఏ రంగు? వేసుకుని ఎక్కడికి? కప్పుకోవడానికైతే సరేనని, బావుంటుందని అడిగితే వద్దనడం న్యాయమేనా? పోనీ సరేనంటే, రేపు ఇంకేం అడుగుతుంది?

"బడికి వద్దు," అన్నాడు చివరికి. "లేతరంగుదైతే, అత్తవాళ్ళింటికి వెళ్ళేటప్పుడు వేసుకో."

"అత్త ఇంటికా! అక్కడెవరుంటారు చూడ్డానికి? కుట్టుమిషనా?"

"అయితే వద్దు."

"అన్యాయం నాన్నా! మా క్లాసులో అందరూ..."

"ఆ అందరి సంగతీ నాకు తెలుసు."

కాలు నేలకేసి కొట్టి, తలుపు ధడాలున వేసి, గదిలోకి పోయింది. తలుపు ఇవతల నిలబడి అతను కాసేపు విన్నాడు. లోపల ఏడుపు లేదు. సణుగుడు. తండ్రుల మీద, అత్తల మీద, లోకం మీద. పన్నెండేళ్ళ పిల్ల చేసే మామూలు గొడవ. తను చెప్పింది ఒప్పో తప్పో ఇప్పటికీ తేలలేదు. అయినా వెళ్ళి పొయ్యి వెలిగించి, ఇద్దరికీ గుడ్లు వేయించడం మొదలుపెట్టాడు.